రాబర్ట్ టేలర్: ఇటుకలు మోసే చేతులకు పెన్సిలు ఇచ్చిన ఆర్కిటెక్ట్

1942 డిసెంబర్ 13. అమెరికా దక్షిణ ప్రాంతంలో, అలబామా రాష్ట్రంలోని టస్కీగీ అనే చిన్న ఊరు. అక్కడి నల్లజాతి విద్యాసంస్థ ప్రార్థనా మందిరంలో 74 ఏళ్ల పెద్దాయన ఒకరు ఉన్నట్టుండి కుప్పకూలారు. ఆ రోజే కన్నుమూశారు. నలభై నాలుగేళ్ల కిందట పూర్తయిన ఆ మందిరానికి ప్లాన్ గీసింది ఆయనే. దాని గోడలకు ఇటుకలు కోసి కాల్చింది, గోడలు కట్టింది, లోపల కరెంటు తీగలు లాగింది అక్కడ చదువుకున్న విద్యార్థులు. ఆ కౌంటీలో కరెంటు దీపాలు వెలిగిన మొదటి భవనం అదే.

ఆయన పేరు రాబర్ట్ రాబిన్సన్ టేలర్. అమెరికాలో ఆర్కిటెక్చర్ కళాశాలలో చదివి పట్టా పుచ్చుకున్న మొదటి నల్లజాతి ఆర్కిటెక్ట్‌గా చరిత్ర ఆయనను గుర్తుపెట్టుకుంది. అయితే మనకు ఆయన జీవితంలో ముఖ్యమైనది మరొకటి ఉంది. తరతరాలుగా ఊరివాళ్ల ఇళ్లు, గుళ్లు, కోటలు కట్టి, తమకంటూ ఒక బడి లేకుండా బతికిన జనం చేతికి ప్లాన్ గీసే విద్య అందితే ఏమవుతుంది? టేలర్ నలభై ఏళ్ల పని ఈ ప్రశ్న చుట్టూనే తిరిగింది.

టేలర్ 1868 జూన్ 8న నార్త్ కరోలినాలోని విల్మింగ్టన్‌లో పుట్టారు. అమెరికాలో బానిసత్వం రద్దయి అప్పటికి మూడేళ్లు. తండ్రి హెన్రీ టేలర్ ఒక తెల్ల యజమానికి, నల్లజాతి తల్లికి పుట్టిన బిడ్డ. వడ్రంగం నేర్చుకుని, కట్టడాల కాంట్రాక్టులు పట్టే స్థాయికి ఎదిగారు. విల్మింగ్టన్‌లోని పెద్ద పెద్ద ఇళ్లలో చాలావాటిని కట్టింది నల్లజాతి వడ్రంగులు, తాపీ మేస్త్రీలే. వాళ్లలో బానిసలూ ఉన్నారు, స్వేచ్ఛ పొందినవాళ్లూ ఉన్నారు. పని వాళ్లది, పేరు మాత్రం యజమానులది. ఆ ఊళ్లో నల్లజాతి పిల్లల కోసం మిషనరీలు నడిపిన బడిలో టేలర్ చదువుకున్నారు. చదువయ్యాక తండ్రి దగ్గరే పనిలో చేరి, కూలీల పని చూసుకునే ఫోర్‌మన్ అయ్యారు. అంటే కాలేజీ మెట్లు ఎక్కకముందే ఆయనకు కొయ్య తెలుసు, కొలత తెలుసు, కూలి లెక్క కూడా తెలుసు.

1888లో ఆయన బోస్టన్ వెళ్లి మసాచుసెట్స్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీలో, అంటే ఎంఐటిలో, ఆర్కిటెక్చర్ చదువులో చేరారు. అమెరికాలో ఆర్కిటెక్చర్‌ను కళాశాల చదువుగా మొదలుపెట్టింది ఆ సంస్థే. 1892లో పట్టా అందుకున్నారు. చివరి ఏడాది ఆయన ఎంచుకున్న డిజైన్ గురించి చెప్పుకోవాలి. అంతర్యుద్ధంలో పోరాడి ముసలివాళ్లయిన, వికలాంగులైన సైనికులు ఉండటానికి ఒక ఆశ్రమం. బానిసత్వాన్ని కూల్చిన యుద్ధం తర్వాత పుట్టిన కుర్రవాడు, ఆ యుద్ధంలో చితికిపోయిన మనుషుల కోసం ఇల్లు గీశాడన్నమాట.

ఆ రోజుల్లోనే టస్కీగీ నుంచి బుకర్ టి. వాషింగ్టన్ పిలుపు వచ్చింది. వాషింగ్టన్ బానిసగా పుట్టిన మనిషి. 1881లో టస్కీగీ సంస్థ మొదలైనప్పటి నుంచి దాన్ని నడిపిస్తున్నారు. అక్కడ చదువుతోపాటు పని తప్పనిసరి. ఫీజు కట్టలేని పిల్లలు పగలంతా పనిచేసి, రాత్రి బడిలో చదువుకునేవారు. భవనాలు కావాలంటే ఇటుకలు కావాలి, కొనడానికి డబ్బు లేదు. అందుకని విద్యార్థులే బంకమట్టి తవ్వి ఇటుకలు కోయడం మొదలుపెట్టారు. మూడుసార్లు ఆవం పేర్చారు, మూడుసార్లూ ఇటుక సరిగా కాలక పాడైపోయింది. నాలుగోసారి వాషింగ్టన్ తన గడియారాన్ని 15 డాలర్లకు తాకట్టు పెట్టి బట్టీ పెట్టించారు. ఆ ఇటుక నిలిచింది. 1900 ప్రాంతానికి ఆ విద్యార్థులు ఒక్క సీజన్‌లో 12 లక్షల ఇటుకలు చేసే స్థాయికి వచ్చారు. చుట్టుపక్కల తెల్లవాళ్లు కూడా వచ్చి కొనుక్కునేవారు.

ఇక్కడ మనం ఒక క్షణం ఆగాలి. ఆ పిల్లల తల్లిదండ్రులు చాలామంది ఈ పనిని ఒప్పుకోలేదు. మా పిల్లలతో పని చేయించకండి, పుస్తకాలు చెప్పండి అని ఉత్తరాలు రాశారు, స్వయంగా వచ్చి చెప్పారు. వాళ్ల కోపంలో న్యాయం ఉంది. కొరడా కింద చాకిరీ చేసిన తరం అది. బడికి పంపింది ఆ చాకిరీ నుంచి బిడ్డను తప్పించడానికి. బడిలోనూ మట్టే తొక్కిస్తే ఇక బడి ఎందుకు? మన ఇళ్లలోనూ ఇదే ప్రశ్న. 1953లో మద్రాసు రాష్ట్రంలో రాజాజీ ప్రభుత్వం బడి గంటలు తగ్గించి, మిగిలిన పూట పిల్లలు ఇంటి వృత్తి నేర్చుకోవాలన్నప్పుడు, అది కులాన్ని పిల్లల మీద మళ్లీ రుద్దడమేనని పెరియార్ ఉద్యమం నిలదీసింది. మరుసటి ఏడాది ఆ పథకం పోయింది. చేతిపని నేర్పే చదువు అనగానే మనం అనుమానంగా చూడటానికి కారణాలున్నాయి.

టేలర్ టస్కీగీకి వచ్చింది ఈ అనుమానం మధ్యలోకే. 1892 చివర్లో ఆయన అక్కడ డ్రాయింగ్, ఆర్కిటెక్చర్ పాఠాలు మొదలుపెట్టారు. వడ్రంగి పని నేర్చుకునేవాడైనా, తాపీ పని నేర్చుకునేవాడైనా, బండి చక్రాలు చేసేవాడైనా డ్రాయింగ్ బల్ల ముందు కూర్చోవాలి. ప్లాన్ చదవాలి, కొలతకు గీయాలి, ఎంత కొయ్య, ఎన్ని ఇటుకలు, ఎంత ఖర్చు అని లెక్క కట్టాలి. తాను గీసినదాన్ని బయటికి వెళ్లి తన చేతులతో కట్టాలి.

ఇది మామూలు విషయంగా కనిపిస్తుంది. కానీ కట్టడం పనిలో ఉన్నవాళ్లకు దీని విలువ తెలుస్తుంది. ప్లాన్ చదవడం రాని మేస్త్రి ఎంత పనిమంతుడైనా ఇంకొకరు చెప్పిన చోట ఇటుక పెట్టాల్సిందే. చదవడం వచ్చినవాడు కాంట్రాక్టు మాట్లాడగలడు, లెక్కలో మోసం పట్టుకోగలడు, పదిమందికి పని చూపించగలడు. బానిసత్వం నల్లజాతి పనివాళ్ల నైపుణ్యాన్ని వాడుకుంది, కానీ ఆలోచనను, నిర్ణయాన్ని యజమాని దగ్గరే ఉంచుకుంది. టేలర్ తరగతి గది ఆ రెంటినీ మళ్లీ ఒకే మనిషిలో కలిపింది. అదే మట్టి, అదే ఇటుక. కానీ ఏది ఎక్కడ, ఎలా కట్టాలో నిర్ణయించేది ఇప్పుడు ఆ పనివాడే.

టస్కీగీలో ఆయన గీసిన మొదటి పెద్ద భవనం 1893 నాటి సైన్స్ హాలు. తర్వాత వరసగా తరగతి భవనాలు, హాస్టళ్లు, గ్రంథాలయం, భోజనశాల, ఆసుపత్రి వచ్చాయి. 1899లో వాషింగ్టన్ కుటుంబం ఉండే ఇంటికి కూడా ఆయనే ప్లాన్ గీశారు. ఆ కాలానికి సంస్థలో ఉన్న నలభై భవనాల్లో నాలుగు తప్ప మిగిలినవన్నీ దాదాపు పూర్తిగా విద్యార్థుల శ్రమతో లేచినవే. పత్తి చేల మధ్య ఎర్ర ఇటుకతో నిలబడిన ఆ ఆవరణను చూడటానికి దూర దూరాల నుంచి జనం వచ్చేవారు. బానిస గుడిసెల్లో పుట్టినవాళ్ల బిడ్డలు ఇంత కట్టారా అని కళ్లారా చూసుకోవడం కూడా ఒక చదువే.

ప్రార్థనా మందిరం పూర్తయిన 1898వ సంవత్సరంలోనే టేలర్ సొంత ఊరు విల్మింగ్టన్‌లో ఘోరం జరిగింది. ఆ ఊళ్లో నల్లజాతి ప్రజలది పెద్ద సంఖ్య. నగర పాలనలో వాళ్లకు భాగం ఉంది, వ్యాపారాలున్నాయి, ఒక దినపత్రిక ఉంది. నవంబర్ 10న సాయుధులైన శ్వేతజాతి ఆధిపత్యవాదుల మూక ఆ పత్రిక ఆఫీసును తగలబెట్టింది, నల్లజాతి ప్రజలను వీధుల్లో కాల్చి చంపింది, ఎన్నికైన నగర ప్రభుత్వాన్ని బలవంతంగా దింపేసి తానే గద్దెనెక్కింది. వేలమంది ఊరు వదిలి పారిపోయారు. ఎదిగిన నల్లజాతి సమాజం అంటేనే వాళ్లకు కంటగింపు. చేతిపనిలో నైపుణ్యం, సొంత ఆస్తి, మంచి పేరు ఉంటే గౌరవం దానంతటదే వస్తుందన్న నమ్మకానికి విల్మింగ్టన్ చెప్పిన జవాబు అది.

1899లో టేలర్ టస్కీగీ వదిలి ఉత్తరాన క్లీవ్‌లాండ్ నగరానికి వెళ్లి అక్కడ ఆర్కిటెక్ట్‌గా పనిచేశారు. మూడేళ్ల తర్వాత, 1902లో, తిరిగి టస్కీగీకే వచ్చారు. ఆయన వచ్చేనాటికి అలబామా మరింత బిగుసుకుపోయింది. 1901లో ఆ రాష్ట్రం కొత్త రాజ్యాంగం రాసుకుని, పన్నులు, పరీక్షలు, ఆస్తి షరతుల పేరుతో నల్లజాతి ప్రజల ఓటు హక్కును దాదాపు పూర్తిగా ఊడబెరికింది. అలాంటి చోటికి, ఉత్తరాది నగరంలో బతకగలిగిన మనిషి తిరిగి రావడం చిన్న నిర్ణయం కాదు. ఆ తర్వాత మూడు దశాబ్దాలు ఆయన అక్కడే ఉన్నారు. చేతివృత్తుల విభాగానికి అధిపతి అయ్యారు, 1925లో సంస్థ ఉపాధ్యక్ష స్థాయి బాధ్యత తీసుకున్నారు.

టస్కీగీ మార్గం మీద విమర్శ కూడా ఆ రోజుల్లోనే మొదలైంది. ఓటు, సమాన హక్కులు, ఉన్నత విద్య ఇప్పుడు పక్కన పెట్టి పని నేర్చుకుందామన్న ధోరణి తెల్ల పాలకులకే ఉపయోగపడుతుందని డబ్ల్యు. ఇ. బి. డ్యుబోయిస్ 1903లో గట్టిగా వాదించారు. హక్కుల కోసం పోరాడకుండా సంపాదించుకున్నదాన్ని కాపాడుకోలేమని ఆయన చెప్పినదానికి విల్మింగ్టనే సాక్ష్యం. అంబేద్కర్ దారిలో నడిచే మనకు ఈ వాదనలో డ్యుబోయిస్ పక్షం నిలబడటం సహజం. మేమూ ఆ పక్షమే.

అయితే టేలర్‌ను ఈ రెండు శిబిరాల్లో ఒకదానిలో పెట్టి వదిలేస్తే ఆయన పని అర్థం కాదు. ఆయన స్వయంగా దేశంలోని అత్యున్నత సాంకేతిక విద్య చదివినవాడు. 1911లో ఎంఐటి యాభై ఏళ్ల వేడుకకు ఆయనను పిలిచారు. అక్కడి నుంచి తాను టస్కీగీకి తీసుకెళ్లిన పద్ధతి గురించి, శాస్త్రీయ శిక్షణ నల్లజాతి ఎదుగుదలకు ఏం చేసిందన్న దాని గురించి ఆయన ఆ సభలో మాట్లాడారు. చేతిపనికీ సైన్సుకూ మధ్య గోడ కట్టడానికి ఆయన ఒప్పుకోలేదు. ఆయన కాలంలో టస్కీగీ తరగతుల నుంచి వచ్చినవాళ్లు కూలీలుగానే మిగిలిపోలేదు. విలియం సిడ్నీ పిట్‌మన్, వెర్ట్‌నర్ టాండీ అక్కడే మొదలుపెట్టి, పై చదువులు చదివి పేరున్న ఆర్కిటెక్టులయ్యారు. అక్కడ పాఠాలు చెప్పిన వాలెస్ రేఫీల్డ్ బర్మింగ్‌హామ్‌లో పదహారో వీధి బాప్టిస్టు చర్చి గీశారు. 1963లో శ్వేత ఉగ్రవాదులు బాంబు పెట్టి నలుగురు బాలికలను చంపింది ఆ చర్చిలోనే.

టేలర్ పనిలో మనకు అన్నిటికన్నా దగ్గరగా అనిపించేది పల్లెటూరి బడుల కథ. దక్షిణాది రాష్ట్రాల్లో నల్లజాతి పిల్లలకు విడి బడులు. విడి అంటే పాడుబడ్డ కొట్టాలు, చర్చి మూలలు, వాన పడితే కారే కప్పులు. పన్ను అందరి దగ్గరా వసూలు చేసేవారు, ఖర్చు మాత్రం తెల్ల పిల్లల బడుల మీద పెట్టేవారు. 1912లో వ్యాపారి జూలియస్ రోజెన్‌వాల్డ్ టస్కీగీకి ఇచ్చిన విరాళంలో కొంత డబ్బుతో అలబామాలో ఆరు చిన్న బడులు కట్టాలని వాషింగ్టన్ అనుకున్నారు. అవి నిలబడ్డాక పథకం పెరిగింది. ఊరూరా బడి కట్టాలంటే ఊరూరా ఆర్కిటెక్ట్ ఉండడు. అందుకని టేలర్, ఆయన సహచరులు మామూలు వడ్రంగి కూడా చూసి కట్టగలిగేలా ప్లాన్లు తయారు చేశారు. 1915లో టస్కీగీ వాటిని పుస్తకంగా అచ్చువేసింది.

ఆ ప్లాన్లలో ఆడంబరం లేదు. పల్లెలో కరెంటు లేదు కాబట్టి పెద్ద కిటికీలను వరసగా పెట్టి, పిల్లల పుస్తకం మీద వెలుగు పడేలా చూశారు. చేతిపని నేర్పడానికి ఒక గది పెట్టారు. బడి ఎక్కడ కట్టాలి, స్థలం ఎలా ఎంచుకోవాలి, మరుగుదొడ్డి ఎక్కడ ఉండాలి, చుట్టూ తోట ఎలా వేయాలి అన్నవి కూడా పుస్తకంలో ఉన్నాయి. బడి పిల్లలకే కాక పెద్దల సమావేశాలకు, ఊరి అవసరాలకు కూడా పనికిరావాలన్నది ఆలోచన. ఆ పుస్తకం పేరులోనే నల్లజాతి పల్లె బడికీ దాని సమాజానికీ ఉన్న సంబంధం అన్న అర్థం ఉంది.

డబ్బు పూర్తిగా పైనుంచి రాలేదు. ఊరివాళ్లు తమ వంతు వేసుకోవాలన్నది షరతు. కౌలు రైతులు, కూలీలు స్థలం ఇచ్చారు, చెట్లు కొట్టి కొయ్య తెచ్చారు, పనిరోజులు ఇచ్చారు. కొన్నిచోట్ల పత్తి చేనులో ఒక మడిని బడి కోసమే సాగుచేసి, ఆ పంట డబ్బు ఇచ్చారు. 1932లో ఈ కార్యక్రమం ముగిసేనాటికి 15 రాష్ట్రాల్లో దాదాపు 5 వేల బడులు లేచాయి. వాటికి రోజెన్‌వాల్డ్ నిధి ఇచ్చింది 43 లక్షల డాలర్లయితే, నల్లజాతి ప్రజలు తమ చేతి నుంచి వేసుకున్నది 47 లక్షల డాలర్లు. మహాదాత పేరుతో పిలిచే బడులకు మహాదాతకన్నా ఎక్కువ ఇచ్చింది రోజుకూలీ చేసుకునే జనమే. 1920 తర్వాత నిధి కార్యాలయం నాష్‌విల్‌కు మారి, ప్లాన్లు కూడా అక్కడి నుంచే రావడం మొదలైంది. కానీ బాట వేసింది టస్కీగీ. అమెరికా పౌరహక్కుల నాయకుడు జాన్ లూయిస్, రచయిత్రి మాయా ఏంజెలో ఇలాంటి బడుల్లోనే చదువుకున్నారు.

ఇందులో ఉన్న అన్యాయాన్ని కూడా మనం దాచకూడదు. ప్రభుత్వానికి పన్ను కట్టి, మళ్లీ తమ బడి కోసం తామే డబ్బు వేసుకుని, స్థలం ఇచ్చి, చాకిరీ చేసినవాళ్లు రెండుసార్లు కట్టినట్టే. ఆ బడులు వేర్పాటును ప్రశ్నించలేదు, దాని లోపలే మంచి గదులు కట్టాయి. టేలర్ కూడా రోడ్డెక్కి నిలదీసిన మనిషి కాదు. కానీ ఆ గదుల్లో చదువుకున్న పిల్లల తరమే తర్వాత వేర్పాటు చట్టాల మీద తిరగబడింది. ఆత్మగౌరవంతో కట్టుకున్న బడి తిరుగుబాటుకు అడ్డు రాలేదు, అండగా నిలిచింది.

టేలర్ పని అమెరికా దాటి కూడా వెళ్లింది. 1929లో ఆయన ఆఫ్రికాలోని లైబీరియా వెళ్లి, కకాటా అనే చోట టస్కీగీ తరహా విద్యాసంస్థకు ప్రణాళిక వేశారు. అమెరికాలో లూయిస్ పర్స్‌లీ అనే మరో నల్లజాతి ఆర్కిటెక్ట్‌తో కలిసి బర్మింగ్‌హామ్‌లో నల్లజాతి సంఘాలకు పెద్ద భవనం గీశారు. అందులో ఆఫీసులు, సభామందిరం ఉండేవి. తెల్లవాళ్ల హాళ్లలోకి రానివ్వని ఊళ్లో అది నల్లజాతి ప్రజల సొంత చోటు. ఉద్యోగ విరమణ తర్వాత టేలర్ విల్మింగ్టన్ వెళ్లిపోయారు. తనవాళ్లను తరిమిన ఊరికే తిరిగి వెళ్లి శేష జీవితం గడిపారు. చివరి ఊపిరి మాత్రం టస్కీగీలో తాను కట్టిన మందిరంలోనే ఆగాల్సి వచ్చింది. ఆ మందిరం 1957లో అగ్నిప్రమాదంలో కాలిపోయింది.

ఆయన కథ ఇక్కడితో అయిపోతే బాగుండేది. కానీ కొడుకు కథ కూడా చెప్పుకోవాలి. కొడుకు రాబర్ట్ రోషాన్ టేలర్ షికాగోలో స్థిరపడి, ఆ నగర గృహనిర్మాణ సంస్థకు మొదటి నల్లజాతి అధ్యక్షుడయ్యారు. పేదల ఇళ్లు నగరమంతా విస్తరించాలని, నల్లవాళ్లూ తెల్లవాళ్లూ పక్కపక్కన బతకాలని ఆయన కోరుకున్నారు. నగర పాలకులు ఆ స్థలాలకు ఒప్పుకోలేదు. 1950లో ఆయన పదవి నుంచి తప్పుకున్నారు, 1957లో చనిపోయారు. తర్వాత అదే నగరం ఆయన వద్దన్నదే చేసింది. నల్లజాతి పేటలోనే, ఒకే వరసలో, పదహారు అంతస్తుల భవనాలు 28 కట్టి, 1962లో వాటికి ఆయన పేరే పెట్టింది. నాలుగు వేలకు పైగా ఇళ్లు, వేలమంది పేదలు. లిఫ్టులు పాడైతే బాగుచేసేవాళ్లు లేరు, చుట్టూ ఉద్యోగాలు లేవు. 2007 నాటికి ఆ భవనాలన్నిటినీ కూల్చేశారు.

తండ్రి చోట ఊరిజనం స్థలం చూశారు, కొయ్య తెచ్చారు, ప్లాన్ చదివారు, కట్టారు, అందులో సభ పెట్టుకున్నారు. కొడుకు పేరు పెట్టిన చోట జనాన్ని ఎవరూ అడగలేదు, తీసుకొచ్చి పేర్చారు. మన కాలనీలకు స్థలం ఊరి చివర ఎవరు నిర్ణయిస్తున్నారు, హాస్టల్ గదికి కిటికీ ఎంత ఉండాలో ఎవరు గీస్తున్నారు అని అడిగినప్పుడల్లా ఈ రెండు కట్టడాలు గుర్తుకు రావాలి.

జ్యోతిరావు ఫూలే 1873లో తన గులాంగిరి పుస్తకాన్ని అమెరికాలో బానిసత్వ నిర్మూలనకు పాటుపడినవారికి అంకితమిచ్చారు. అప్పటికి విల్మింగ్టన్‌లో టేలర్‌కు ఐదేళ్లు. ఆ పిల్లవాడు పెద్దయి ఏం చేశాడో ఈ సైట్ చదివే విద్యార్థులు, ముఖ్యంగా ఇంజనీరింగ్, ఆర్కిటెక్చర్ చదివే మన పిల్లలు తెలుసుకోవాలని మా కోరిక. మన తాతలు కట్టిన గోడలు ఊరూరా ఉన్నాయి. వాటిలో ఎన్నింటి ప్లాన్ మన చేతిలో తయారైందో లెక్క తీసుకోవాల్సింది మనమే.